స్టూడియోలో మాండొలిను

రాక్ అను పాశ్చాత్య సంగీతమునందు 'ఆల్బము' అను మాటకు ఒక ప్రత్యేకార్థము కలదు. అది మన కచేరి వంటిది కాదు. కచేరి ఒక పూట జరిగి ముగియును. దానిని యంత్రముతో పట్టి యుంచినను, అది జరిగినదానికి గుర్తు మాత్రమే. ఆల్బమన్ననో, ఏ వేదికమీదను ఆ రూపమున ఎన్నడును జరుగకయే, స్టూడియోలో భాగభాగములుగా కూర్పబడి పుట్టిన సంగీతము. ఈ భేదమును, తెలుగువాడొకడు ప్రధాన వాద్యకుడుగానున్న ఒక ఆల్బము మూలమున శ్రోతలకు వివరింపదలచితిని.

ఈ విషయమును ఎత్తుకొనుటకు కారణము మా మొయినాబాదు ప్రాంతపు భజన మండలివారు. వారు కొన్ని కీర్తనలను నగరమందలి ఒక చిన్న స్టూడియోలో రికార్డు చేయించుకొని వచ్చి, చిన్నబోయిన ముఖములతో నాయొద్ద మొఱపెట్టుకొనిరి. డోలకు వాయించువానిని ముందుగా ఒంటరిగా కూర్చుండబెట్టి, చెవులకు హెడ్‌ఫోనులు తగిలించి, టిక్కు టిక్కుమను చప్పుడునకు సరిగా వాయింపుమనిరట. ఆ పిమ్మట హార్మోనియమువాని వంతు. పాటగాండ్రు కట్టకడపట. "ఒగరి మొకం ఒగరు సూడకుంట భజన ఎట్లయితది సారూ?" అని వారి ప్రశ్న. ఇది పామరుల ప్రశ్న యని త్రోసివేయరాదు. రాక్ సంగీతకారులును అరువది యేండ్లుగా దీనితోనే పెనగులాడుచున్నారు.

ఇంగ్లండు దేశపు బీటిల్స్ బృందమువారు తమ తొలి ఆల్బములోని పదునాలుగు పాటలలో పదింటిని 1963 ఫిబ్రవరి 11వ తేదిని, ఒక్క దినముననే పాడి ముగించిరి. నలుగురును ఒకచోట నిలిచి, వేదికమీద పాడునట్లే పాడిరి. 1966 ఆగస్టుతో వారు ఊరూర తిరిగి పాడుట మానుకొనిరి. ఆ నవంబరులో స్టూడియోలో చొచ్చి, సుమారు ఐదు నెలలు, ఏడు వందల గంటలు శ్రమించి 'సార్జెంట్ పెప్పర్స్ లోన్లీ హార్ట్స్ క్లబ్ బ్యాండ్' అను ఆల్బమును సిద్ధముచేసి 1967లో వెలువరించిరి. వారికి సాధనము నాలుగు ట్రాకుల టేపు యంత్రము. చేవెళ్ళ రైతు ఒకే చేనిలో ప్రక్కప్రక్క చాళ్ళలో కందియు జొన్నయు విత్తినట్లు, ఒకే టేపుమీద నాలుగు చాళ్ళలో నాలుగు ధ్వనులను వేఱువేఱు వేళల నింపవచ్చును. నాలుగును నిండినచో, వానిని కలిపి వేఱొక టేపుమీద ఒకే చాలులోనికి దింపి, తక్కిన చాళ్ళను మరల వాడుకొనిరి. డోలకువానిని ఒంటరిగా కూర్చుండబెట్టుటకు మూలమిదియే. ఒక చాలులోని ధ్వని మఱియొక చాలులోనికి చొరబడకున్నగాని, పిమ్మట దేనికది హెచ్చించుటకును తగ్గించుటకును వీలుపడదు.

ఇక మనవాని కథ. ఉప్పలపు శ్రీనివాస్ గారు 1969 ఫిబ్రవరి 28న పశ్చిమ గోదావరి జిల్లా పాలకొల్లులో జన్మించిరి. తండ్రి సత్యనారాయణగారు మాండొలిను వాయించెడివారు. ఆఱేండ్ల ప్రాయమున బాలుడు ఆ వాద్యమును తానే చేతబట్టెను. గురువు రుద్రరాజు సుబ్బరాజుగారు చెంబై వైద్యనాథ భాగవతారుగారి శిష్యులు. వారు మాండొలిను వాద్యకులు కారు. వారు పాడుచుండగా బాలుడు ఆ పాటను తంత్రిమీద పలికించెడివాడు. ఈ కథకంతటికిని మూలము ఇచ్చటనే యున్నదని నా తలంపు. మాండొలిను వాయించు గురువే యైనచో, ఆ వాద్యమునకు చేతనైన పనులే నేర్పియుండును. పాడు గురువగుటచేత దానికి చేతగాని పనిని కోరిరి.

ఆ చేతగాని పని యేది? మాండొలిను ఇటలీ దేశమున పెరిగిన వాద్యము. ఎనిమిది తంత్రులు, నాలుగు జంటలు. వీణకువలె మెట్లు కలవు. మీటిన స్వరము మాత్రము రెప్పపాటులో అణగిపోవును. అందుచేతనే పాశ్చాత్యులు ఒకే స్వరమును వడివడిగా పలుమాఱులు మీటి, అది నిలిచినట్లు భ్రమ కల్పింతురు. మనకో, గమకము ప్రాణము. తంత్రిని ప్రక్కకు లాగి ఒక స్వరమునుండి మఱియొక స్వరమునకు ఊగుచు పోవలెనన్నచో, అంతదాక ఆ ధ్వని బ్రదికియుండవలెను గదా! జంటతంత్రులను సమముగా లాగుటయు సులభము కాదు. శ్రీనివాస్ గారు జంటలను విడిచి, ఐదు ఒంటి తంత్రులుగల ఎలక్ట్రిక్ మాండొలినును చేపట్టిరి. తంత్రుల క్రింది అయస్కాంతము వాని కంపనమును విద్యుత్తుగా మార్చును. ఆంప్లిఫయరు దానిని పెద్దది చేయును. అణగిపోవుచున్న స్వరపు తుదికూడ చెవికి అందును. గమకమునకు చోటు దొరకెను.

1978లో గుడివాడ త్యాగరాజ ఉత్సవములలో ఆ బాలుని తొలి కచేరి జరిగెను. 1981లో మద్రాసు ఇండియన్ ఫైన్ ఆర్ట్స్ సొసైటీవారి వేదికమీదను, 1983లో బెర్లిన్ జాజ్ ఉత్సవమునందును వాయించెను. పాశ్చాత్య వాద్యమని పెదవి విఱిచినవారు లేకపోలేదు. బాలస్వామి దీక్షితులవారి కాలమున వయొలిను సయితము పరాయిదే యన్న సంగతిని మనవారు ఎంత త్వరగా మఱచిరో!

ఇదే వ్యాధికి వేఱొక దేశమున మందు వెదకినవాడొకడు కలడు. కెనడా దేశీయుడైన మైకేల్ బ్రూక్ గిటారు వాద్యకుడును, స్టూడియో పనిలో ఆఱితేఱినవాడును. గిటారు స్వరమును మీటినపిమ్మట అణగునదే. ఈయన 1980వ దశకమున 'ఇన్‌ఫినిట్ గిటారు', అనగా అంతులేని గిటారును నిర్మించెను. అందు తంత్రి కంపనమును ఒక అయస్కాంతము పట్టుకొనును. ఆ విద్యుత్తు బలపడి రెండవ అయస్కాంతమునకు పోయి, అదే తంత్రిని మరల కదిలించును. ఊగుచున్న ఉయ్యాలను సమయమెఱిగి మెల్లగా త్రోయుచుండినచో అది ఆగకుండుట మనమెఱుగుదుము. ఇదియు నంతే. ఇట్టి గిటారునొకదానిని ఐర్లండు దేశపు యూటూ అను రాక్ బృందపు గిటారు వాద్యకునికి ఈయన యిచ్చెను. 1987లో లోకమంతట మ్రోగిన వారి 'విత్ ఆర్ వితౌట్ యూ' పాటలోని నిడుపాటి ధ్వని దానిదే. నుస్రత్ ఫతే అలీ ఖాన్ గారి 'మస్త్ మస్త్' ఆల్బమును 1990లో తీర్చిదిద్దినవాడును ఈయనయే.

శ్రీనివాస్, బ్రూక్ ఇరువురి పేర్లతో 'డ్రీమ్' అను ఆల్బము 1995లో వెలువడెను. ప్రకటించినవారు రియల్ వరల్డ్ సంస్థవారు. జెనెసిస్ అను రాక్ బృందమున గాయకుడుగానుండిన పీటర్ గేబ్రియల్ 1989లో నెలకొల్పిన సంస్థ యిది. ఇంగ్లండున బాక్స్ అను గ్రామమందు, పూర్వము నీటిమర యుండిన చోట వారి స్టూడియో కలదు. అందలి పెద్ద గదిలో వాద్యకులకును రికార్డు చేయువారికిని నడుమ అద్దపు గోడ లేదు. మా భజన మండలివారి ప్రశ్న అచ్చటివారికిని తోచినది కాబోలు!

ఆ ఆల్బమున నాకు ముఖ్యముగా తోచునది, గిటారు మాండొలినుతో పోటీపడకుండుట. బ్రూక్ చేతి స్వరము క్రింద పఱచుకొని నిలిచియుండును. శ్రీనివాస్ గారి స్వరము దానిమీద నడచును. తంబురా చేయు పనినే ఒక రాక్ గిటారు చేయుచున్నది. లోపమును లేకపోలేదు. కచేరిలో వయొలిను వాద్యకుడు ఏమి బదులిచ్చునో యని మనము ఊపిరి బిగబట్టు క్షణమొకటి కలదే, అది నాకు ఇందు కనబడలేదు. పొరమీద పొర పేర్చిన సంగీతమున ఆ క్షణము దుర్లభము. దానికి బదులుగా, కచేరి మందిరపు వెనుక వరుసకు ఎన్నడును చేరని అతి సూక్ష్మమైన మీటు ఇందు చెవిప్రక్కనే పలుకును.

ఆల్బమును లోకము ఏ అరలో నుంచెను? 1987లో లండనునందు కొన్ని చిన్న రికార్డు సంస్థలవారు కూడుకొని, తమ సరకును దుకాణములలో చూపుటకు 'వరల్డ్ మ్యూజిక్' అను పేరును నిశ్చయించిరి. రియల్ వరల్డ్ వారి రికార్డులు ఆ అరకే చేరును. ఆ పేరు వలన సంగీతము అమ్ముడుపోయెను గాని, పాలకొల్లు సంగీతమును పాకిస్తాను సంగీతమును ఒక్క గంపలో పడెను. కృతిని వెదకు రసికునకు ఇందు పల్లవి, అనుపల్లవుల కట్టు దొరకదు. రాక్ పాటను కోరువానికి పదములు దొరకవు. చేవెళ్ళలో ఒక సాయంకాలము నేను దీనిని భజన మండలివారికి వినిపించితిని. పెద్దవాడగు హార్మోనియము వాద్యకుడు చాలసేపు కన్నులు మూసికొని విని, "గీ శ్రుతిపెట్టె మంచిగున్నది, యాడ కొన్నరు?" అని యడిగెను. పత్రికా విమర్శకుడు నాలుగు పుటలలో చెప్పజాలనిది అతడు ఒక్క మాటలో చెప్పెను.

శ్రీనివాస్ గారు ఈ ఆల్బము తరువాతను కచేరులను మానలేదు. 1998లో పద్మశ్రీ బిరుదము వచ్చెను. జాన్ మెక్‌లాఫ్లిన్, జకీర్ హుస్సేన్ గార్ల 'రిమెంబర్ శక్తి' బృందమున చేరి దేశదేశములు తిరిగిరి. ఆ బృందపు రికార్డులు వేదికమీద పట్టినవి. ఒకరి ముఖమొకరు చూచుకొని వాయించినవి. 2014 సెప్టెంబరు 19న, నలుబదియైదేండ్ల వయసున, చెన్నైలో వారు కన్నుమూసిరి.

శక్తి బృందమువారు 1977 తరువాత మరల స్టూడియో ఆల్బమును 2023లోగాని వెలువరింపలేదు. మహామారి దినములు అడ్డుపడుటచేత, ఎవరి ఊరిలో వారు తమ భాగమును వాయించి పంపగా ఆ 'దిస్ మొమెంట్' ఆల్బము కూర్పబడెను. దానికి 2024 ఫిబ్రవరిలో గ్రామీ బహుమానము లభించెను. ఆ డిసెంబరులో జకీర్ హుస్సేన్ గారును గతించిరి. ఆల్బములోని మొదటి రచనకు పేరు 'శ్రీనీస్ డ్రీమ్', అనగా శ్రీని కల.