శంషాబాదు నుండి థెస్సలొనీకికి: వారము దినముల సెలవులో ఒక సముద్రతీర నగరము

1830వ సంవత్సరములో ఏనుగుల వీరాస్వామయ్య చెన్నపట్నము నుండి కాశీయాత్రకు బయలుదేరి, హైదరాబాదు మీదుగా ఉత్తరదేశమునకు పోయి, తిరిగి ఇల్లు చేరుటకు పదునైదు మాసములకు పైగా పట్టినది. ఆనాటి యాత్రికునకు కాలము పుష్కలముగా నుండెడిది, వసతులు కొరవడెడివి. నేటి యాత్రికుని స్థితి దీనికి తారుమారు. వసతులకు లోటు లేదు, తీరిక లేదు. 2008 మార్చిలో బేగంపేట నుండి విమానముల రాకపోకలు శంషాబాదుకు మారిన పిమ్మట, ఒకప్పుడు పొలములును రాతిగుట్టలును నిండిన ఆ ప్రాంతము తెలుగువారికి ప్రపంచపు ముంగిలి ఐనది. చదువులకు, కొలువులకు పోవువారితో పాటు, వారము దినముల సెలవు చేతబట్టుకొని లోకము చూడ బయలుదేరు సామాన్య గృహస్థులును ఆ ముంగిట కనిపించుచున్నారు. వారిలో ఉపాధ్యాయులును కలరు.

ఏండ్ల తరబడి కూడబెట్టిన సొమ్ముతో చేయు ఇట్టి యాత్ర వృథా కాకుండుట ఎట్లు? ఇది చిన్న ప్రశ్న కాదు. వారములో మూడు దేశములు చూపించెదమను ప్రకటనలకు కొదువ లేదు. అట్టి యాత్ర నుండి తిరిగివచ్చిన వానికి బస్సు కిటికీలు గుర్తుండును గాని ఊళ్ళు గుర్తుండవు. దినములు కొద్దిగా నున్నప్పుడు ఊరు ఒక్కటే కావలెను. ఆ ఊరిని బయలుదేరుటకు ముందే చదివియుండవలెను. గ్రీసు దేశములోని థెస్సలొనీకి నగరము ఇట్టి యాత్రకు చక్కని ఉదాహరణము.

గ్రీసు అనగానే మనవారికి ఏథెన్సు స్ఫురించును. కాని థెస్సలొనీకి పేరు తెలుగు చెవికి కొత్తది కాదు. పౌలు అచటి క్రైస్తవులకు వ్రాసిన రెండు లేఖలు ‘థెస్సలొనీకయులకు’ అను పేరుతో తెలుగు బైబిలులో నున్నవి. మన పల్లెలలోని ప్రార్థనామందిరములలో తరతరములుగా ఆ పేరు వినబడుచునే యున్నది. గ్రీకులకును మన పేర్లు కొత్తవి కావు. క్రీస్తుశకము 1వ శతాబ్దిలో ఒక గ్రీకు నావికుడు వ్రాసిన సముద్రయాన గ్రంథము కృష్ణాతీర ప్రాంతమును ‘మసాలియా’ అని పేర్కొని, అచట సన్నని నూలువస్త్రములు విరివిగా తయారగునని చెప్పినది. 2వ శతాబ్దివాడైన టాలమీ పేర్కొన్న ‘కంటకోస్సుల’ మన ఘంటసాలయేనని పండితుల నిర్ణయము. నాడు వారు మన తీరపు పేర్లు వ్రాసికొన్నారు. నేడు మనవారు వారి తీరమునకు పోవుచున్నారు.

ఇక ప్రయాణపు లెక్క. శంషాబాదు నుండి దుబాయి లేక దోహాకు సుమారు నాలుగు గంటలు. అచట విమానము మారి ఏథెన్సు చేరుటకు మరి ఐదు గంటలు. ఏథెన్సు నుండి థెస్సలొనీకి ఉత్తరముగా సుమారు 500 కిలోమీటర్ల దూరము; విమానమున గంటలోపు ప్రయాణము. నడుమ వేచియుండు కాలము కలుపుకొన్నచో ఒక పూర్తి దినము పోవును. గ్రీసు గడియారము మనకంటె వేసవిలో రెండున్నర గంటలు, శీతకాలములో మూడున్నర గంటలు వెనుక. కావున పోవునపుడు కాలము కలిసివచ్చును, వచ్చునపుడు ఆ ఋణము తీర్చవలెను. తెల్లవారుజామున బయలుదేరినవాడు ఆ రాత్రికే చేరవచ్చును. తిరుగు ప్రయాణములో మరునాటి ఉదయమునకు గాని శంషాబాదులో దిగడు. వారము సెలవులో చూచుటకు మిగులునవి నాలుగు దినములే. మన ఎండకాలపు సెలవులలో మే మాసము, దసరా సెలవులలో అక్టోబరు అచట ఆహ్లాదకరములు. జూలై, ఆగస్టులలో ఎండ తీవ్రము. శీతకాలమున ఉత్తరపు లోయ నుండి ‘వర్దారిస్’ అను చలిగాలి వీచును.

సెలవు కంటె ముందు కాగితములు సిద్ధము కావలెను. ప్రభుత్వోపాధ్యాయులు విదేశయాత్రకు తమ శాఖ అనుమతి ముందుగా పొందవలెను. గ్రీసుకు కావలసినది ‘షెంగెన్’ వీసా. ప్రయాణమునకు ఆరు మాసముల ముందు నుండి పదునైదు దినముల ముందు వరకు దరఖాస్తు చేయవచ్చును. కాని చివరి దినముల వరకు ఆగుట అవివేకము, ఏలయన పరిశీలనకు సాధారణముగా పట్టు పదునైదు దినములు ఒక్కొక్కప్పుడు నలుబదియైదు కావచ్చును. పాస్‌పోర్టు పదేండ్లలోపు జారీ ఐనదై, తిరిగివచ్చు తేదీ తరువాత కనీసము మూడు మాసములు చెల్లునదై యుండవలెను. 30,000 యూరోలకు తక్కువ కాని వైద్యబీమా తప్పనిసరి. 2024 జూన్ నుండి పెద్దలకు రుసుము 90 యూరోలు. వీసా నిరాకరించినను ఆ సొమ్ము తిరిగి రాదు. కావున వీసా చేతికి రాకముందు, రద్దు చేసికొన వీలులేని టిక్కెట్లు కొనరాదు. మధ్యతరగతి ఇంటిలో ఈ ఒక్క తొందరపాటు ఏడాది పొదుపును హరింపగలదు.

కాగితముల తరువాత నగరము. క్రీస్తుపూర్వము 315 ప్రాంతమున మాసిడోనియా రాజు కాసాండరు దీనిని నిర్మించి తన భార్య పేరు పెట్టినాడు. ఆమె అలెగ్జాండరుకు సవతి సోదరి. థెస్సలీ దేశపు విజయమని ఆ పేరునకు అర్థము.

మొదటి దినము సముద్రపుటొడ్డున నడచుటకే కేటాయించవలెను. 15వ శతాబ్దిలో తురుష్కులు కట్టిన ‘తెల్ల బురుజు’ ఆ ఒడ్డుననే యున్నది. గాలి తేటగా నున్న దినమున అఖాతమునకు ఆవల ఒలింపస్ పర్వతము కనబడును. గ్రీకు దేవతల నివాసమును చూచుటకు టిక్కెట్టు అక్కరలేదు. శాకాహారులు భోజనశాలలో ‘నిస్తీసిమ’ అని అడుగవలెను. అది వారి ఉపవాసదినముల ఆహారము, మాంసము గాని పాలు గాని అందులో ఉండవు.

రెండవ దినము పాతకట్టడములకు. 4వ శతాబ్ది ఆరంభమున రోమను చక్రవర్తి గలేరియసు కట్టించిన గుండ్రని మందిరము తరువాత క్రైస్తవాలయమై, పిదప మసీదై, నేడు అందరికిని చెందిన స్మారకమై నిలిచినది. దాని ప్రక్కన మీనారు ఇప్పటికిని కలదు. ఒక్క గోడ మీద చరిత్ర ఎన్ని పాఠములు వ్రాయునో విద్యార్థికి చూపుటకు ఇంతకంటె మంచి చోటు అరుదు. 2024 నవంబరులో ప్రారంభమైన మెట్రోలో వెనిజెలు స్టేషనుకు దిగినచో, త్రవ్వకములలో బయల్పడిన ప్రాచీన రాజవీథి చలువరాళ్ళు కనబడును.

మూడవ దినము పురావస్తు ప్రదర్శనశాలకు. 1962లో నగర సమీపమున దెర్వెని అను చోట దొరికిన కాలిన గ్రంథపు చుట్ట అచట నున్నది. అది క్రీస్తుపూర్వము 4వ శతాబ్దిది. ఐరోపాలో నేటికి మిగిలిన, చదువ వీలైన గ్రంథములలో మిక్కిలి పురాతనము. చితిమంటలో సగము కాలి బొగ్గగుటచేతనే అది చివికిపోక నిలిచినది. తాళపత్రములు చెదలపాలగుట ఎరిగిన తెలుగు ఉపాధ్యాయుడు దానిముందు కొంతసేపు నిలువక మానడు. అక్షరప్రియులు మరియొక సంగతి ఎరుగవలెను. 9వ శతాబ్దిలో స్లావు భాషకు మొదటి లిపి కూర్చిన సిరిలు, అతని అన్న మెథోడియసు ఈ ఊరివారే.

నాలుగవ దినము మాత్రము వేడుకకు కాదు. 1492 తరువాత స్పెయిను నుండి వెడలగొట్టబడిన యూదులకు ఈ నగరము ఆశ్రయమిచ్చినది. నాలుగు శతాబ్దులకు పైగా వారు ఇచట వర్ధిల్లినారు. 1942లో జర్మను ఆక్రమణ కాలమున వారి ప్రాచీన శ్మశానము ధ్వంసమైనది. మరుసటి ఏడు నలుబదివేలకు పైగా యూదులను రైళ్ళలో ఆష్విట్సు మరణశిబిరమునకు తరలించినారు. నేటి అరిస్టాటిలు విశ్వవిద్యాలయములో కొంత భాగము ఆ శ్మశానభూమి మీదనే యున్నది. ఆవరణలో ఒక స్మారకము కలదు. 1923లో గ్రీసు, టర్కీలు తమ ప్రజలను మార్చుకొన్నప్పుడు ఇచటి ముస్లిములు ఆవలికి, ఆవలి గ్రీకులు ఇచటికి మూటాముల్లెలతో కదలినారు. 1947ను ఎరిగిన దేశము నుండి వచ్చినవానికి ఈ కథ పరాయిది కాదు.

ఆ దినముననే మొనాస్టిరు రోడ్డులోని భారతీయ శ్మశానవాటికకు పోవలెను. మొదటి ప్రపంచయుద్ధములో బ్రిటిషు సేనలతో వచ్చి ఈ దూరతీరమున కన్నుమూసిన మనదేశీయుల జ్ఞాపకము అచట పదిలముగా నున్నది. యాత్రా ప్రకటనలలో ఆ పేరు కానరాదు. వారు సెలవునకు వచ్చినవారు కారు. తిరుగు టిక్కెట్టు లేనివారు.

ఇట్లు నాలుగు దినములు గడిపినవాడు గ్రీసును చూచితినని చెప్పజాలడు. ఒక ఊరిని ఎరుగుదునని చెప్పగలడు. తరగతి గదిలో అలెగ్జాండరు పాఠము వచ్చినప్పుడు, ఐరోపా పటము గోడకు వ్రేలాడినప్పుడు, ఆ ఎరుక పిల్లలకు పంచవచ్చును. ప్రయాణము చేయ వీలులేని విద్యార్థికిని ఇందులో సగపాలు అందుబాటులోనే యున్నది. పటము, పుస్తకము, పాఠశాల గ్రంథాలయము ఉన్నచో యాత్ర మొదలైనట్లే. శంషాబాదు దారి పట్టుట తరువాతి సంగతి.