ఫిర్యాదుదారు గైర్హాజరు – క్రిమినల్ కోర్టు బాధ్యత

వికారాబాద్ జిల్లా తాండూరులో ఒక నాపరాళ్ళ వ్యాపారి చెక్కు చెల్లలేదని ఫిర్యాదు దాఖలు చేసి, పదేపదే వాయిదాలకు రాలేదనుకుందాం. ఇది సమన్లు కేసు. 2024 జులై వరకు అమలులో ఉన్న 1973 నాటి క్రిమినల్ ప్రొసీజర్ కోడ్ 256వ సెక్షన్ ప్రకారం మేజిస్ట్రేటు నిందితుణ్ణి నిర్దోషిగా విడుదల చేయాల్సి ఉండేది; లేదా తగిన కారణముంటే వాయిదా వేయాల్సి ఉండేది. ఫిర్యాదుదారు తరఫున న్యాయవాది ఉంటే, అతని హాజరును మినహాయించవచ్చు.

ఆనాటి విచారణకు ఫిర్యాదుదారు అవసరమా అన్నది కోర్టు ముందుగా పరిశీలించాలని అసోసియేటెడ్ సిమెంట్ కంపెనీ – కేశవానంద్ కేసులో (1997) సుప్రీంకోర్టు స్పష్టం చేసింది. ఎందుకంటే ఈ విడుదల అమలులో ఉండగా అదే నేరంపై మళ్ళీ విచారణ కుదరదు, అప్పీలే మార్గం.

2024 జులై 1 నుంచి అమలులోకి వచ్చిన భారతీయ నాగరిక సురక్షా సంహిత 279వ సెక్షన్, విడుదలకు ముందు 30 రోజుల గడువిమ్మంటున్నది. నిందితుణ్ణి నిరవధికంగా తిప్పకూడదు. ఒక్క గైర్హాజరుతో ఫిర్యాదుదారు హక్కునూ తుడిచివేయకూడదు. ఈ రెంటి సమతౌల్యమే కోర్టు బాధ్యత.