కాగితముపై నిలిచిన కొండరైలు



తొలినాటి మూగచిత్రములన్నియు కథలు చెప్పినవి కావు. పెక్కు చిత్రములు త్రోవలను చూపినవి. కదలు రైలుబండిపై కెమేరా నిలిపి, కనబడు దృశ్యమునెల్ల పట్టి, ఊరూర ప్రదర్శించెడివారు. 1905లో అమెరికాలోని కాన్సాస్ నగరమున జార్జి హేల్ అను నతడు రైలుపెట్టెవంటి శాలలో జనులను కూర్చుండబెట్టి యిట్టి చిత్రములను చూపెను.

అట్టివానిలో నొకదానిని గూర్చి మీకు విన్నవింతును. కొలరాడో రాష్ట్రమున జార్జిటౌన్ అను కొండయూరు కలదు. అటనుండి వెండిగనుల గ్రామమగు సిల్వర్ ప్లూమ్ రెండు మైళ్లే. కాని 600 అడుగులకు మించిన యెత్తున నున్నది. అంతటి వాలున ఇనుపచక్రము నున్నని పట్టాపై జారును. బరువుబండి తోలు రైతు గట్టును నిట్టనిలువుగ నెక్కింపక చుట్టుత్రోవ పట్టును గదా! ఇంజనీర్లును అదే చేసిరి. సుమారు నాలుగున్నర మైళ్ల పట్టా పరచి, ఒకచోట మార్గమును గుండ్రముగ త్రిప్పి, ఎత్తైన వంతెనమీదుగ తన క్రింది పట్టానే తాను దాటునట్లు 1884లో నిర్మించిరి. మన డార్జిలింగు రైలుమార్గమునందును ఇట్టి చుట్లు కలవు.

ఈ మార్గమును బిట్జరు అను ఛాయాగ్రాహకుడు బయోగ్రాఫు కంపెనీకై చిత్రించెను. బండి వంపు తిరిగినప్పుడెల్ల ముందు పెట్టెలు కనబడును, ప్రయాణికులు చేతులూపుచుందురు. 1903లో దానికి హక్కు నమోదయ్యెను.

ఆ నమోదే దానికి రక్షయైనది. 1912కు పూర్వము అమెరికా చట్టమున చలనచిత్రమునకు ప్రత్యేకమైన హక్కు లేదు, ఛాయాచిత్రమునకు గలదు. కావున కంపెనీలు చిత్రమునెల్ల కాగితపు చుట్టలపై అచ్చొత్తి ప్రభుత్వ గ్రంథాలయమున నొప్పగించెడివి. ఆనాటి ఫిల్ము సులభముగ మండును, కాలక్రమమున చివికిపోవును. అట్లు వేలకొలది చిత్రములు నశించినవి. కాగితము మాత్రము నిలిచెను. 1950 తరువాత ఆ చుట్టలను మరల ఫిల్ముపై కెక్కించిరి.

ఇంతలో వెండి ధర పడిపోయి, మోటారుబండ్లు వచ్చి, రైలునకు రాబడి తగ్గెను. 1939లో ఆ వంతెనను విప్పి ఇనుమునకు అమ్మివైచిరి. 1984లో మరల కట్టిరి. నేడు యాత్రికులకై అచట బండ్లు నడచుచున్నవి. కాని తొలి వంతెనపై బండి నడచిన తీరును ఆ కాగితపు చుట్ట కదలికతో చూపును.

దస్తావేజు నిమిత్తము దాచిన కాగితము చరిత్రయైనది. మీ యిండ్లలోని పాత పెట్టెలను ఖాళీ చేయుటకు ముందు, అందలి కాగితములను ఒక్కసారి చదివిచూడుడని నా మనవి.