తుఫాను వెలిసిన తరువాత కొల్లేటి లంకలు

కృష్ణా, గోదావరి డెల్టాల నడుమ పల్లంలో ఉన్న కొల్లేరు సరస్సు ప్రాంతంలో తుఫాను తెచ్చే అసలు కష్టం చాలాసార్లు గాలివాన వెలిసిన తరువాతనే మొదలవుతుంది. బుడమేరు, తమ్మిలేరు, రామిలేరు వంటి ఏరులు ఎగువ ప్రాంతాల వర్షపు నీటిని తెచ్చి సరస్సులో కలుపుతుండగా, ఆ నీరు బంగాళాఖాతం చేరడానికి ఉన్న సహజ మార్గం ఉప్పుటేరు ఒక్కటే కావడం, దాని వాలు స్వల్పం కావడం, సముద్రపు పోటు వేళ ప్రవాహం వెనక్కు తన్నడం వల్ల ముంపు రోజుల తరబడి నిలిచిపోతుంది.

2024 సెప్టెంబరు తొలి వారంలో వాయుగుండం కురిపించిన కుంభవృష్టికి బుడమేరు పొంగి విజయవాడను ముంచగా, ఆ వరద దిగువకు ప్రవహించి లంక గ్రామాలను, అంటే సరస్సులోని మెరకలపై వెలసిన ఊళ్లను, చుట్టుముట్టింది. ఏలూరు–కైకలూరు రహదారి మునిగింది. ఇటువంటి వేళల్లో రాకపోకలకు పడవే దిక్కవుతుంది, చుట్టూ నీరున్నా తాగునీటిని బయటి నుంచి తేవలసి వస్తుంది, పశుగ్రాసం కుళ్లిపోతుంది, చేపల చెరువుల గట్ల మీదుగా నీరు పొర్లితే, అప్పు చేసి పెంచిన చేపలు సరస్సులో కలిసిపోయి, కుటుంబాల ఆదాయం ఒక్కసారిగా తుడిచిపెట్టుకుపోతుంది.

ఐదవ కాంటూరు, అనగా సముద్రమట్టానికి ఐదు అడుగుల ఎత్తును సూచించే రేఖ, లోపలి 308 చదరపు కిలోమీటర్ల ప్రాంతాన్ని ప్రభుత్వం 1999లో వన్యప్రాణి అభయారణ్యంగా ప్రకటించి, వరద నీటికి అడ్డుపడే అక్కడి చేపల చెరువుల గట్లను 2006లో తొలగించినా, ఆక్రమణలు మళ్లీ తలెత్తాయి. వరదను ఇముడ్చుకొనే సరస్సు విస్తీర్ణాన్నీ, దానిని సాగనంపే ఉప్పుటేరు లోతునూ కాపాడుతూ, లంకవాసుల జీవనోపాధికి న్యాయమైన భరోసా కల్పించడమే రాబోయే తుఫానులకు సరైన సన్నాహం.