దేవుడు కొలువైన ఇనుప కొండ

బస్తర్ ఆదివాసుల దేవతలలో పెక్కుమందికి గోపురాలు లేవు. వారి కొలువు ఒక వృక్షచ్ఛాయ, ఒక శిల, ఒక్కొక్కచోట కొండ మొత్తం!

దంతెవాడ జిల్లాలో ఎద్దు మూపురాన్ని తలపించే బైలాడిల పర్వతశ్రేణి ఉన్నది. అందులో ఒక కొండను ఆదివాసులు నందరాజ్ దేవుని నివాసంగా పూజిస్తారు. దాని గర్భంలో మేలైన ఇనుప ఖనిజం ఉన్నది. 1968లో ఈ శ్రేణిలో తవ్వకాలు ఆరంభమైనాయి. ఆ ఖనిజం రైలెక్కి విశాఖ రేవుకు చేరుతున్నది. గనుల లెక్కలో దేవుని కొండ పేరు ‘13వ నిక్షేపం’.

అక్కడ తవ్వకాలకై చెట్లు కూలడంతో 2019 జూన్‌లో వేలాది ఆదివాసులు విల్లంబులు ధరించి కిరండూల్‌కు తరలివచ్చారు. గని కార్యాలయం ఎదుట రోజుల తరబడి బైఠాయించారు. ఛత్తీస్‌గఢ్ ప్రభుత్వం పనులు ఆపించి, గ్రామసభ ఆమోదం నిజమైనదో కాదో విచారించేందుకు పూనుకున్నది.

కూలిన గుడిని తిరిగి కట్టవచ్చు. కరిగిన కొండను ఎవరు నిలబెట్టగలరు?