మెడ పట్టేస్తే విరిపించుకోవచ్చునా?

పాడి పనిలో మెడ మీద పడే భారం తక్కువేమీ కాదు. తెల్లవారకముందే తల వంచుకుని పాలు పితకాలి. పొలం నుండి గడ్డిమోపు నెత్తిన పెట్టుకుని రావాలి. నలభై లీటర్ల క్యాను నిండితే అందులోని పాల బరువే 41 కిలోలు. దానిని బండికి ఎత్తాలి. నల్లమాడ ప్రాంతంలో ఏ పాల కేంద్రం దగ్గర నిలబడినా "మెడ పట్టేసింది" అనే మాట వినబడటంలో వింత లేదు.

పట్టిన మెడకు చాలామందికి తెలిసిన వైద్యం ఒకటే. కటింగ్ షాపులో క్షవరం అయ్యాక తలకు మర్దన చేయించుకోవడం, ఆపైన మెడ విరిపించుకోవడం. గడ్డం ఒక చేత్తో, తల ఒక చేత్తో పట్టి ఒక్క ఊపుతో తిప్పుతారు. టక్కుమని శబ్దం వస్తుంది, హాయిగా ఉంటుంది. ఇందులో మేలెంత, కీడెంత అన్నది సభ్యులందరూ తెలుసుకోవడం అవసరమని ఈ వివరాలు ఇస్తున్నాము.

ఆ శబ్దం ఎక్కడిది?

మెడలో ఏడు పూసలున్నాయి. వాటి నడుమ ఉన్న కీళ్ళలో జిగురు వంటి ద్రవం ఉంటుంది. కీలును ఒక్కసారిగా లాగినప్పుడు ఆ ద్రవంలో బుడగ ఏర్పడి శబ్దం వస్తుంది. వేళ్ళ మెటికలు విరిచినప్పుడు జరిగేదీ ఇదే. తొలగిన ఎముక చోటికి చేరిందనుకోవడం సరికాదు. కండరాల బిగువు కొంతసేపు సడలుతుంది కనుక హాయి మాత్రం నిజమే.

ప్రమాదం ఎక్కడుంది?

మెదడుకు రక్తాన్ని చేర్చే పెద్ద నాళాలు నాలుగు. రెండు మెడకు ముందువైపు, రెండు వెనుకవైపు ఉంటాయి. వెనుకవైపువి పై ఆరు పూసలకు పక్కలనున్న చిన్న రంధ్రాలగుండా పైకి పోతాయి. తలను హఠాత్తుగా మెలిపెడితే ఈ నాళాలు సాగి, గోడకు పూసిన సున్నం పెచ్చు లేచినట్లు లోపలి పొర చిరగవచ్చు. చిరిగినచోట రక్తం గడ్డకట్టి, ఆ గడ్డ మెదడుకు చేరితే పక్షవాతం వస్తుంది.

ఇటువంటిది మనకు దూరపు సంగతి కాదు. 2024లో మన పొరుగునే ఉన్న బళ్ళారికి చెందిన ముప్పై ఏళ్ళ యువకునికి క్షౌరశాలలో తల మర్దన చేసి మెడ తిప్పిన తరువాత పక్షవాతం వచ్చింది. మెడలోని రక్తనాళం చిరిగినట్లు వైద్యులు గుర్తించారు. 2022లో హైదరాబాదులో ఒక మహిళకు బ్యూటీ పార్లరులో మెడ వెనక్కి వాల్చి తల కడిగించుకున్న తరువాత ఇటువంటి ఆపదే కలిగింది.

ఇలా జరగడం అరుదే. అయితే ఇంకొక సంగతి ఉంది. కొందరిలో రక్తనాళం ముందే చిరిగి ఉంటుంది. మెడనొప్పే దానికి తొలి గుర్తు. కెనడాలోని ఒంటారియో రాష్ట్రంలో జరిపి 2008లో వెలువరించిన పరిశీలన ఈ సంగతిని ముందుకు తెచ్చింది. అటువంటి మెడను విరిస్తే ముప్పు పెరుగుతుంది. ఎవరి మెడ ఎటువంటిదో పైకి చూసి చెప్పలేము.

మరి ఉపాయమేమిటి?

2012లో అమెరికాలో మెడనొప్పి గల 272 మందిపై జరిపిన పరిశీలన ఫలితాలు వచ్చాయి. శిక్షణ పొందినవారు మెడకు చికిత్స చేసినవారికి మందులు వాడినవారికన్నా మేలు కలిగింది. కాని ఇంటిదగ్గర వ్యాయామం నేర్చుకుని చేసినవారికీ దాదాపు అంతే మేలు కలిగింది. కనుక విరుపుతో దొరికే ఉపశమనం విరుపు లేకుండానే దొరుకుతుంది.

తలను మెల్లగా కుడికి, ఎడమకు తిప్పాలి. చెవిని భుజంవైపు వంచాలి. గడ్డాన్ని వెనక్కి లాగి కొద్దిసేపు నిలపాలి. నొప్పి పెరగనంత మేరకే ఒక్కొక్కటి అయిదు నుండి పది సార్లు, రోజుకు రెండు మూడు మార్లు చేయాలి. వేడి కాపడం పెట్టుకోవచ్చు. గడ్డిమోపును రెండుగా కట్టాలి. క్యాను ఇద్దరు కలిసి ఎత్తాలి. సాధారణమైన మెడ పట్టు కొద్ది వారాలలో సర్దుకుంటుంది. చేతులు తిమ్మిరెక్కినా, పట్టు తప్పినా, జ్వరం ఉన్నా, పడిన దెబ్బ తరువాత నొప్పి వచ్చినా వెంటనే డాక్టరుకు చూపించాలి.

వెంటనే 108కి ఫోన్ చేయవలసిన గుర్తులు

1. మునుపెన్నడూ లేని తీవ్రమైన మెడనొప్పి, తలనొప్పి.
2. తల తిరగడం, తూలడం, వాంతులు.
3. ఒకటి రెండుగా కనబడటం, మాట తడబడటం.
4. మూతి వంకరపోవడం, ఒకవైపు కాలు చేయి పడిపోవడం.

ఇవి మెడ విరిచిన కొన్ని గంటలకు, కొన్ని రోజులకు కూడా రావచ్చు. గడ్డను కరిగించే మందు సాధారణంగా నాలుగున్నర గంటలలోపే ఇవ్వాలి. కాబట్టి గుర్తులు మొదలైన వేళను రాసిపెట్టుకుని, మెడ విరిపించుకున్న సంగతి దాచకుండా డాక్టరుకు చెప్పాలి. "తెల్లవారి చూద్దాంలే" అనుకోరాదు.

క్షౌరశాలకు వెళ్ళినప్పుడు కూర్చోగానే "మెడ తిప్పవద్దు" అని ఒక్కమాట చెబితే సరిపోతుంది. సంఘ కార్యదర్శులు ఈ విషయాన్ని పాలు పోయడానికి వచ్చే సభ్యులందరికీ చదివి వినిపించవలసిందిగా కోరుతున్నాము.