వార్తల్లో పదం: ఫౌండ్ ఫుటేజ్

ఎవరో, ఎప్పుడో, మరో పనికోసం తీసిన న్యూస్‌రీళ్లు, ఇంటి వీడియోలు, ప్రచార చిత్రాల ముక్కలను ఏరి కొత్త వరుసలో కూర్చే ప్రయోగాత్మక సినిమా పద్ధతి ఇది. 1927లో రష్యా దర్శకురాలు ఎస్ఫిర్ షుబ్, జార్ కుటుంబం తీయించుకున్న రీళ్లను కూడా వాడుకుని ‘రోమనోవ్ వంశ పతనం’ తయారుచేశారు. ఓడ మీద దొరలు చెమటలు పట్టేలా నాట్యమాడే దృశ్యం పక్కనే శ్రమజీవుల కాయకష్టాన్ని చూపారు. దాంతో వేడుక కాస్తా సాక్ష్యమైంది.

మనకూ ఇది అవసరమైన పద్ధతే. హైదరాబాద్‌లో 1578లో కట్టిన పురానాపూల్ వంతెన 1908 మూసీ వరదను తట్టుకుంది. ఆ వరద చేసిన విధ్వంసం ఫొటోల్లో మిగిలింది. తొలి తెలుగు టాకీ ‘భక్త ప్రహ్లాద’ (1932) ప్రింటు మాత్రం దక్కలేదు. హైదరాబాద్ విలీనం అనగానే పటేల్‌కు నిజాం నమస్కరించిన ఫొటో గుర్తొస్తుంది. కానీ ఆ విలీన సమయంలో, 1948లో జరిగిన హింసపై సుందర్‌లాల్ కమిటీ ఇచ్చిన నివేదిక దశాబ్దాలపాటు మరుగునే ఉండిపోయింది. దేశం దేన్ని దాచుకుంటే అదే దాని జ్ఞాపకమవుతుంది. అందరికీ తెలిసిన బొమ్మ పక్కన మరుగునపడ్డదాన్ని నిలబెట్టడమే ఫౌండ్ ఫుటేజ్ బలం.

అందుకే పురానాపూల్ మీది కూరగాయల బజారు దృశ్యాలు, పాతబస్తీ పెళ్లిళ్ల వీహెచ్‌ఎస్ క్యాసెట్లు కూడా చరిత్రే. బూజు పట్టకముందే వాటిని డిజిటల్‌లోకి మార్చి భద్రపరచాలి.